నాకు గుర్తులేని మ్యాచ్

దేశం తరఫున నేను ఆడింది ఒక్కటే మ్యాచ్. అందులో నాకు గుర్తున్నది జనగణమన మాత్రమే. వరసలో చివర నిలబడ్డాను. పక్కవాడి చెయ్యి నా భుజం మీద ఉంది. పాట అయిపోయింది. ఆ తర్వాత నాకు తెలిసింది బస్సులో వాంతి చేసుకోవడం. మధ్యలో ఆటంతా పోయింది. ఎవరో దొంగిలించినట్టు పోయింది.

మాది విశాఖ ఒడ్డున చేపల వేట చేసే కుటుంబం. చిన్నప్పటినుంచీ వలలు లాగిన భుజాలు నావి. తొంభైల్లో పోర్టులో సరుకు దించే ఒక కంపెనీలో చేరితే, వాళ్ళు కొన్నాళ్ళకు కలకత్తా పంపారు. అక్కడ సాయంత్రాలు ఒక మైదానంలో రగ్బీ ఆడేవారు. చూడ్డానికి నిలబడ్డ నన్ను, నా భుజాలు చూసి లోపలికి పిలిచారు. స్క్రమ్ అంటే ఎనిమిది మంది ఒకరినొకరు పెనవేసుకుని, వంగి, ఎదుటి ఎనిమిది మందిని తొయ్యడం. నాది ముందు వరసలో అంచు. నా జీవితంలో అంత ఇష్టంగా చేసిన పని ఇంకోటి లేదు. అందుకే ఇంత కోపం.

ఆ రోజు ఏం జరిగిందో ముందు వరసలో నా పక్కనే ఉండే కలకత్తా మిత్రుడు తర్వాత ఫోన్‌లో చెప్పాడు. పరాయి దేశంలో మ్యాచ్. విరామానికి కాస్త ముందు ఒకణ్ణి పట్టి పడెయ్యబోతే వాడి మోకాలు నా కణతకు తగిలిందట. నేను చాలాసేపు కదల్లేదట. అవతలి జట్టు డాక్టరు పరుగున వచ్చి, ఇతను ఇక ఆడకూడదన్నాడట. విరామంలో మా మేనేజరు నా చెంప తట్టి, "దేశం కోసం లే" అన్నాడట. లేచాను.

"ఏ వైపు తొయ్యాలి అని నన్ను అడుగుతూనే ఉన్నావు" అన్నాడు మిత్రుడు. "ఒకసారి బంతి పట్టుకుని ఎదుటివాళ్ళ గీత వైపు కాకుండా మన గీత వైపే పరిగెత్తావు. నేనే నిన్ను పడగొట్టాను."

అతను ఏడ్చాడు. నేను ఏడవలేదు. ఫోన్ పెట్టేసి గోడను గుద్దాను.

విశాఖ తిరిగొచ్చాక పగటి వెలుతురు భరించలేకపోయాను. సముద్రం వైపు చూస్తే కళ్ళలో సూదులు దిగేవి. క్రేన్ కింద నిలబడి తూలిపోయానని కంపెనీ నన్ను గేటు దగ్గర కుర్చీలో కూర్చోబెట్టింది. సీతమ్మధారలో డాక్టరు, ఇంకో దెబ్బ తగిలితే మనిషివి కావన్నాడు. ఆట అక్కడితో సరి. నా భార్య ఆయన ముందే మండిపడింది.

"పడిపోయినోడ్ని మళ్ళీ దింపినోడు ఎవుడు మావా? ఆడికి పిల్లల్లేరా? పడవలో ఎవుడైనా ఇలాగ పడితే వల లాగమంటారేటి?"

మేనేజరు ఒక్కసారి ఫోన్ చేశాడు, వచ్చే టూర్‌కు వస్తావా అని. రానని చెప్పాక మళ్ళీ చెయ్యలేదు.

కొన్నేళ్ళకు, రెండువేల సంవత్సరం దాటాక, ద్వారకా నగర్‌లో ఒక హోటల్ హాల్లో నాకు సన్మానమన్నారు. నా భార్యతో కలిసి వెళ్ళాక తెలిసింది, ముఖ్య అతిథి ఆ మేనేజరే. మైకు పట్టుకుని నా కథ చెప్పాడు. తలకు దెబ్బ తగిలినా సింహంలా లేచి మైదానంలోకి దూకానట. జనం చప్పట్లు కొట్టారు. నా భుజాల మీద శాలువా కప్పి మైకు నాకిచ్చారు.

"నాకు ఆ రోజు ఏటీ గుర్తు లేదు" అన్నాను. "నాను దూకలేదు. ఈ మేనేజరు సారే నన్ను లోపలికి తోసినారు. డాక్టరు వద్దన్నాడు. నాను మన గీత వైపే పరిగెత్తినాను. మీరు చప్పట్లు కొడతన్నది దానికే."

ఎవరో మైకు ఆపేశారు. చెవులు హోరెత్తుతుంటే శాలువా తీసి కుర్చీ మీద పడేసి దిగిపోయాను.

మెట్ల దగ్గర ఆయన నన్ను ఆపాడు. ముఖంలో సిగ్గు లేదు, చిరాకుంది. "ఆ రోజు నీ బదులు దింపడానికి మనిషి లేడయ్యా. ఏం చెయ్యమంటావు?"

"తక్కువ మందితో ఆడాలి సార్. ఓడిపోవాలి."

"ఎలాగూ ఓడిపోయాం కదా" అన్నాడు, నన్ను ఓదారుస్తున్నట్టు.

నా చెయ్యి లేచింది. నా భార్య రెండు చేతులతో దాన్ని పట్టుకుని కిందికి లాగింది. "ఒద్దు మావా, ఆడికి అర్థం కాదు" అంది. కొట్టలేదు. కొట్టలేదన్న బాధ నాకింకా ఉంది.

ఇప్పుడు ఆదివారాలు బీచ్‌లో ఇసుక మీద కుర్రాళ్ళకు ఆట నేర్పుతున్నాను. తల అదిరిన వాణ్ణి ఆ రోజుకి కూర్చోబెట్టేస్తాను. మొన్నొకడి తండ్రి గొడవకొచ్చాడు.

"మావోడు బాగానే ఉన్నాడు బావా. నువ్వేటి, పిరికోళ్ళని తయారు సేత్తన్నావా?"

"అలాగే అనుకో" అన్నాను. "ఇయ్యాల ఆడు దిగడు."