ఆ రోజు నీళ్లు ఏడున్నయ్

మొన్న ఉదయం తలుపు తీయగానే ఉడికిన మైదా బంక వాసన గుప్పుమంది. మునిసిపాలిటీ మనిషి ఎదురింటి తలుపుకు నోటీసు అంటించి మెట్లు దిగిపోతున్నాడు. వెళ్లి కాగితం అంచును వేలితో తాకి చూశాను. తడిగా ఉంది. నోటీసు కనబడితే తాకి చూడడం ఖాదర్ వకీలు గారి వల్ల అబ్బిన అలవాటు.

ఎనభైలలో నేను ఖమ్మంలో ఒక దినపత్రిక విలేఖరిని. భద్రాచలం అడవుల దాకా తిరిగేవాణ్ని. ఖాదర్ గారి ఆఫీసు కోర్టు దగ్గర ఒక కిరాయి గది. వాళ్ల నాన్న పుస్తకాలకు జిల్దులు కుట్టి అట్టలు వేసేవారట. కేసు కట్టలను ఈయన స్వయంగా సూదీదారంతో కుట్టుకునేవారు. కుట్టేటప్పుడైనా ప్రతి కాగితం కంట పడుతుందని ఆయన నమ్మకం. అప్పటికి మా జిల్లాలో ఫ్యామిలీ కోర్టు లేదు. ఆలుమగల తగాదాలు మామూలు కోర్టులోనే నడిచేవి.

ఒక సాయంత్రం నన్ను పిలిపించారు. ఆయన బల్ల మీద నేను రాసిన వార్త ఉంది: ‘సమన్లు తప్పించుకున్న భార్యకు చుక్కెదురు’. ఎదురుగా బెంచీ మీద ఆ భార్యే, ఏడాది దాటిన పిల్లవాడితో కూర్చుని ఉంది. పేరు సుభద్ర. ఆమె తల్లిదండ్రులు కోస్తా నుంచి వచ్చి దుమ్ముగూడెం దగ్గర గోదావరి ఒడ్డున మిరప వేసుకుంటున్నారు. పురిటికి పుట్టింటికొస్తే మధిర వైపు ఉండే భర్త మళ్లీ తీసుకెళ్లడానికి రాలేదు. అతనికి రెండో సంబంధం చూస్తున్నారని విన్నాకే, అతను వేసిన కేసులో తనకు విడాకులైపోయాయని ఆమెకు తెలిసింది. రద్దు చేయమని విడాకులిచ్చిన ఖమ్మం కోర్టునే అడిగింది. సమన్లు తలుపుకు అంటించారు కదా, రాకపోవడం నీ తప్పేనంటూ కోర్టు కొట్టేసింది. ఇక మిగిలింది హైకోర్టు.

“విడాకులు ఇస్తే ఇచ్చారండి. నా అంతట నేనే కాపురం వదిలి పోయానని అందులో రాశారే, అది ఉండకూడదు. రేపు వీడు చదువుకుంటాడు” అంది సుభద్ర.

ఖాదర్ గారు నా వైపు తిరిగారు. “తమ్మీ, సమన్లు తప్పించుకున్నదని నీకెవరు చెప్పిండ్రు?”

తీర్పులో ఉందన్నాను. జడ్జి గారికి ఎలా తెలిసిందని అడిగారు. సమన్లు పట్టుకెళ్లిన కోర్టు అమీను రిపోర్టు తీసి నా చేతికిచ్చారు. ఇంటికి తాళం ఉంది, ఇద్దరు సాక్షుల ఎదుట తలుపుకు అంటించాను అని ఉంది. కింద తారీఖు. రెండుసార్లు చదివి తిరిగి ఇవ్వబోయాను. ఆయన తీసుకోలేదు.

“ఆ రోజు నీళ్లు ఏడున్నయ్?”

అప్పుడు వెలిగింది. ఆ తారీఖున నేను ఆ ఊరి మీదుగానే పడవలో వెళ్లాను. పెద్ద వరద వచ్చిన ఆగస్టు అది. ఇళ్ల కొప్పులు తప్ప ఏమీ కనబడలేదు. ఊరంతా మెరక మీది బడిలో తలదాచుకుంది. ఆ సంగతి రాసిందీ నేనే. ఆ పత్రిక ముక్క కూడా కట్టలో కుట్టి ఉంది. అమీను ఊరికి వెళ్లకుండానే రిపోర్టు రాశాడు. కింది కోర్టులో వాదించిన వకీలు ఆ తారీఖు ఊసే ఎత్తలేదు.

“మా అమీనుకు ఈత గూడ వచ్చినట్టున్నది” అన్నారు ఖాదర్ గారు. పత్రిక ముక్క చాలదు, సర్కారు కాగితం కావాలన్నారు. భద్రాచలంలో మూడు రోజులు రెవెన్యూ ఆఫీసు గడపలో కూర్చుని వరద శిబిరం రిజిస్టరు నకలు తెచ్చాను. అందులో సుభద్ర పేరు, పక్కన ‘పసిబిడ్డ’ అని ఉన్నాయి.

హైకోర్టు తీర్పు చిన్నది. తప్పు ఆలిదో మగడిదో చెప్పలేదు. కబురు అందని మనిషిపై ఇచ్చిన తీర్పు చెల్లదు, ఆమె మాట కూడా విని మళ్లీ తేల్చమని ఖమ్మానికే పంపింది. ఇంతేనా వకీల్ సాబ్ అన్నాను నిరాశగా.

“పై కోర్టు కాపురాలు చక్కదిద్దది తమ్మీ. కింద ఇద్దరి మాట ఇన్నరా లేదా, గదే చూస్తది. ఇగ చెప్పుకునేది ఆమెనే.”

సుభద్ర చెప్పుకుంది. బోనులో నిలబడి, నీళ్లు కూడా అడగకుండా అరగంట మాట్లాడింది. చివరికి ఇద్దరూ ఒప్పుకునే విడిపోయారు. కొత్త తీర్పులో కాపురం వదిలి పోయిందన్న ఆ వాక్యం లేదు. మా పత్రికలో మూడు లైన్ల సవరణ వేయించి తీసుకెళ్లాను. పాత ‘చుక్కెదురు’ వార్తను కట్టలోంచి చించేయమన్నాను. ఆయన ఒప్పుకోలేదు. సవరణను దాని కిందే పెట్టి, రెండిటినీ కలిపి కుట్టారు.

ఖాదర్ గారు పోయి చాలా ఏళ్లయింది. మొన్న ఎదురింటి నోటీసును చివరిదాకా చదివాను. కింద ‘ఇంట్లో ఎవరూ లేరు’ అని రాసి సంతకం పెట్టారు. గంట నొక్కాను. చపాతీ పిండి అంటిన చేత్తోనే ఎదురింటావిడ వచ్చి తలుపు తీసింది.