అన్న గొంతు

మొన్న పంజాగుట్టలో కళ్లజోడు కొనడానికి వెళ్లి, ఫ్రేము బరువుగా ఉందని షాపువాడితో నసుగుతుంటే పక్క కుర్చీలో ఆయన గిరుక్కున తిరిగాడు. "ఏమండీ, మీరు మా జావా సార్ తమ్ముడు కదా? అచ్చం ఆయన గొంతేనండీ," అన్నాడు. అమీర్‌పేటలో ఆ కిటికీ లేని గదిలోకి నన్ను మళ్లీ తోసి తలుపేసినట్టనిపించింది.

అది మూడో అంతస్తులో మా అన్న జావా ప్రోగ్రామింగ్ నేర్పే క్లాసు. గుమ్మం బయట చెప్పుల గుట్ట, లోపల మార్కరు వాసన. గొంతు ఆపరేషన్‌తో అన్నకు మాట పోయినప్పుడు బాపు నావైపు చూశాడు. "ఇద్దరిదీ ఒకటే గొంతు. నువ్వే చెప్పు బిడ్డా. బయటోళ్లను పెడితే మీ అన్న పేరు పోతది," అన్నాడు. లక్డీకాపూల్‌లో నాకిష్టమైన మ్యాపులు గీసే ఉద్యోగం అంతటితో అటకెక్కింది. ఎప్పుడో చదివిన జావాకు తోడు అన్న పాఠాల రికార్డింగులు విని బట్టీ పట్టాను, జోకులూ దగ్గులతో సహా. పిల్లలు మర్యాదకు నవ్వేవాళ్లు. ఎవరైనా డౌటడిగితే రేపు చెప్తానని తప్పించుకునేవాణ్ణి. ఇంటికెళ్తే బాపు ఇంకో బ్యాచి ఒప్పుకుని కూర్చునేవాడు. ఇక జన్మంతా ఇదేననుకుని కుమిలిపోయేవాణ్ణి.

ఒకరోజు ఇన్హెరిటెన్స్ పాఠం వచ్చింది. ప్రోగ్రాములో పేరెంట్ క్లాసు అనే ముక్కలోని కోడ్, దాన్నుంచి పుట్టిన చైల్డ్ క్లాసుకు రావడం ఇన్హెరిటెన్స్. పేరెంట్ ఉండాల్సిన చోట ఇంకొకటి పెట్టినా ఎవరి పనీ చెడకపోతే, అది సబ్‌టైప్. రెండూ ఒకటి కావని అన్న మాటల్లోనే అప్పజెప్పాను. ముందు బెంచీ అమ్మాయి లేచింది. "అయితే సార్, పేరెంట్ దగ్గరున్నదంతా వచ్చినా, ఆ చోట పనికిరాకపోవచ్చా?"

"పనికిరాకపోవచ్చు," అన్నాను. గదంతా నన్నే చూసింది. నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి నాకు.

ఆ సాయంత్రమే "నాతోని గాదన్నా" అని చెప్పేశాను. అన్న తలూపి, ఎస్.ఆర్. నగర్ హాస్టల్లో ఉండే భీమవరం ఆవిడ ఒకరిని నా బదులు పాఠాలు చెప్పడానికి పిలిపించాడు. ఆవిడ అన్న జోకులు ఒక్కటీ వాడలేదు, బోర్డంతా డబ్బాలూ బాణాలూ గీసింది. క్లాసయ్యాక పిల్లలు ఆవిడను కదలనివ్వలేదు, ఒకప్పుడు అన్నను చుట్టుముట్టినట్టే. "మనోళ్లు గాదు గదరా," అని బాపు గొణిగాడు. అన్న కష్టపడి గుసగుసలాడాడు. "పిల్లలకు సమజైతుంది గద బాపూ, ఇంకేం గావాలె." నేను మెట్లన్నీ దిగి ఎండలో నిలబడ్డాను. ప్రాణం హాయిగా ఉంది. కాస్త ఉక్రోషం కూడా ఉంది, అబద్ధమెందుకు.

అన్న ఇప్పుడు లేడు. షాపులో ఆయన ఇంకా నావైపే చూస్తుంటే, నేను ఆ ఫ్రేము గురించి అవసరానికి మించి మాట్లాడాను. అప్పుడు వదిలించుకుంటే చాలనుకున్న గొంతు, ఇన్నేళ్లకు నాకే ఇంకాసేపు వినాలనిపించింది.