తొట్టిలో పిల్లాడు

నా చిన్నప్పుడు ముంచింగిపుట్టులో హార్మోనియం ఉన్నది మా మిషన్ చర్చిలో ఒక్కచోటే. పిల్లల్లో అది వాయించడం వచ్చినది నాకొక్కదానికే. పదకొండేళ్ల పిల్లకి పొగరెక్కడానికి ఆ మాత్రం చాలు. ఆ ఏడు క్రిస్మస్ నాటకానికి సంగీతం నాకు అప్పగించారు.

నాటకంలో ఎవరు కదిలినా నేను ఊరుకోలేదు. దేవదూత వస్తే ఒక వరస, గొల్లలు వస్తే ఒక వరస, గొల్లల వెంట వచ్చిన మేకకి విడిగా ఇంకో వరస. పసి యేసుని చంపించాలని చూసే హేరోదు రాజు వేషం మా నాన్నది. ఆయన బళ్లో మేష్టారు. ఏడాది పొడుగునా పిల్లల మీద అరుస్తూనే ఉన్నా, కిరీటం పెట్టుకుని అరిచేది ఆ ఒక్కరోజే కదా. ఉన్న ఒక్క డైలాగునీ నెల్లాళ్లు పెరట్లో కోళ్లకి వినిపించి సాధన చేశారు. తీరా రిహార్సల్లో ఆయన నోరు తెరవగానే నేను అందినన్ని మెట్లు ఒక్కసారే నొక్కేశాను. నాన్న కిరీటం తీసి చంకలో పెట్టుకున్నారు.

"రాజుని నేనా, దీని హార్మోనీ పెట్టా? అదేటో ముందు తేల్చండి" అన్నారు నాటకం వేయిస్తున్న పాస్టరమ్మగారితో.

పాస్టరమ్మగారికి కోప్పడటం చేతకాదు. పండగనాడు పొద్దున్న ఆరాధన అయ్యాక, నాలుగు నెలల పసివాణ్ణి ఎవరిదగ్గరో అడిగి తెచ్చి, గడ్డి పరిచిన తొట్టిలో పడుకోబెట్టి, ఆ తొట్టిని తిన్నగా నా హార్మోనియం పక్కకి జరిపారు.

"ఇదిగో గుంటా, బాలయేసు ఈడే. ఈడు లేచి ఏడిసేడంటే నాటకం పాడైపోద్ది. ఆపైన నీ పెట్టి మా అక్క కూతురికి ఇచ్చేత్తాను. సూసుకుని వాయించు" అన్నారు.

ఆవిడ అక్క కూతురు రెండు వేళ్లతో ఒకే పాట వాయించేది, అదీ సగమే. నా పెట్టి దాని చేతికి పోతుందనగానే, పిల్లాడి రెప్పలు కదులుతున్నాయేమోనని తొట్టిలోకి వంగి చూశాను.

ఇక నాటకమంతా నా కళ్లు పిల్లాడి మీదే. దేవదూత చప్పుడు లేకుండా వచ్చి వెళ్లాడు. మేక తన వరస లేకుండానే నడిచింది, దానికేమీ లోటు కనిపించలేదు. నాన్న వచ్చి, పిల్లాడెక్కడున్నా వెతికి పట్టుకోమని గర్జిస్తే, ముందు వరసలో ఒక చిన్నపిల్ల లేచి తల్లి వెనక దాక్కుంది. నాన్న ముఖం వెలిగిపోయింది. చివర్లో మరియమ్మ తొట్టి పక్కన ఒంటరిగా మిగిలినప్పుడు మాత్రం నేను ఉండబట్టలేక, పిల్లాడి రెప్పల వంక చూస్తూ, ఒక్కొక్క మెట్టే తాకుతూ చిన్న జోలపాట వాయించాను. వెనక ఎవరో ముక్కు చీదారు. చూస్తే ఆడవాళ్లలో సగంమంది కళ్లొత్తుకుంటున్నారు. నాకు సంతోషం, సిగ్గు రెండూ కలిసి వచ్చాయి.

అంతలో ముగింపు పాటకి డప్పులూ తాళాలూ ఒక్కసారిగా లేచాయి. నా పని అయిపోయిందనుకుని రెండు చేతులతో పిల్లాడి చెవులు మూశాను. వాడు కదల్లేదు. వాళ్లమ్మ నవ్వుకుంటూ వచ్చి ఎత్తుకుంది.

"ఈడికేటి కాదు తల్లీ. మాది పిండిమర. ఆ మోతలోనే తొంగుంటాడు. మర ఆపితేనే లేత్తాడు" అంది.

నేను పాస్టరమ్మగారి వైపు తిరిగాను. ఆవిడ నావైపు చూడకుండా మహా శ్రద్ధగా అరిసెలు పంచుతున్నారు.

ఆ తరువాత విశాఖ, హైదరాబాదు, సినిమాలు, సీరియళ్లు. ముప్పై ఏళ్లుగా వాటికి నేపథ్య సంగీతం కట్టడమే నా పని. సీరియల్లో అత్తగారు తల తిప్పితే మూడు దెబ్బలు పడాలంటారు డైరెక్టర్లు. నేను ఒకటి కొడతాను, ఒక్కోసారి అదీ ఎగ్గొడతాను. వాళ్లు విసుక్కుంటారు. ఏ సీనుకైనా ముందు "ఇందులో పిల్లాడు ఎక్కడ పడుకున్నాడు" అని నేనడుగుతుంటే, నా దగ్గర కొత్తగా చేరినవాళ్లు ముసలామెకి మతి తప్పిందనుకుంటారు.

వాడు మర మోతలో కూడా లేవడని నాకు తెలుసు. అయినా మెట్ల మీద చెయ్యి వేసే ముందు, లేస్తాడేమోనని ఒకసారి తొట్టిలోకి చూసుకుంటాను.