నిప్పుతొండలు కరవవు

డెబ్బైల్లో నేను విజయవాడలో ఒక పిల్లల మాసపత్రికలో ప్రూఫులు దిద్దేదాన్ని. సీరియల్ రాసే పెద్దాయన చెప్పాపెట్టకుండా మానేస్తే, ఎడిటరు గారు నన్ను పిలిచి, "ఏమ్మా, అందరి తప్పులూ దిద్దుతావు గదా, నాలుగు తప్పులు నువ్వే రాయరాదూ?" అన్నారు. రాజకుమారుడు ఉండాలి, కొండ ఉండాలి, పిల్లలు దడుచుకునే జంతువు ఒకటి ఉండాలి. మిగతాది నా ఇష్టం.

అలా నిప్పుతొండలు పుట్టాయి. అగ్నిపర్వతాల దేశంలో, కరిగిన రాతి మడుగుల్లో వాటి కాపురం. పొద్దున్నే మంటతో మొహం కడుక్కుంటాయి. గుడ్లు కణకణలాడే నిప్పుల్లో పెడతాయి, నిప్పు ఆరిందా గుడ్లు మురిగిపోతాయి. వాన చినుకు పడితే జలుబు చేస్తుంది, బూడిద కప్పుకుని మూలుగుతూ పడుకుంటాయి. ఎదుటివాళ్ళు ఏం చెప్పినా తల మాత్రం ఊపుతాయి. అసలు అగ్నిపర్వతం ఎలా ఉంటుందో మా ఆఫీసులో ఎవరూ ఎరగరు. బొమ్మలు వేసే ఆయన మైలవరం వైపు వెళ్ళి ఒక ఇటుక బట్టీ చూసొచ్చి, దాన్నే కాస్త కోసుగా గీశాడు. పాఠకులెవరూ అభ్యంతరం చెప్పలేదు.

నాన్న అంతకు ముందు ఏడాది మే నెలలో పోయాడు. మంచివాడే గానీ విసుగు జాస్తి. పప్పులో ఉప్పు తగ్గినా, బస్సు రాకపోయినా, వాన రాకపోయినా ఒకే గొంతుతో విసుక్కునేవాడు. ఎండ అసలు పడేది కాదు. ఒక వేసవిలో మా చర్చికి సీలింగు ఫ్యాను కొనిచ్చి, ఆడవాళ్ళ వైపు బిగించమన్నాడు. అమ్మ కూర్చునేది అక్కడే. సంఘ పెద్దలు దాన్ని తీసుకెళ్ళి ప్రసంగ వేదిక మీద బిగించారు. ఆ ఆదివారం నుంచి నాన్న చర్చి గడప తొక్కలేదు. పాస్టరు గారు ఇంటికొచ్చి బతిమాలితే, "ఫ్యాను ఇటు జరిగితే నేనూ అటు వస్తానండీ" అన్నాడు. ఫ్యాను జరగలేదు.

సమాధి దగ్గర వాక్యం చెప్పడానికి పక్క ఊరి నుంచి ఒక బోధకుడు వచ్చారు. నాన్న సంగతి ఆయనకి తెలియదు పాపం. సంఘాన్ని విడిచిపెట్టినవాళ్ళకి అగ్నిగుండం తప్పదని గట్టిగా చెప్పారు. అందరూ ఆమెన్ అన్నారు. అమ్మ కూడా అంది. ఆ తర్వాత ఇంట్లో ఆ మాట ఎత్తలేదు.

సీరియల్ కాస్త సాగాక అమ్మ నన్ను పత్రిక అడగడం మొదలుపెట్టింది. బైబిలూ పాటల పుస్తకమూ తప్ప ఏదీ ముట్టని మనిషి. నా రాత అంత బాగుందన్నమాట అని పొంగిపోయాను. చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూ అడిగేది.

"ఏమే, ఆ తొండలు మనుషుల్ని కరుస్తాయంటావా?"

"కరవవమ్మా. తల ఊపుతాయంతే."

"అక్కడ నీడేమన్నా ఉంటుందా?"

"నిప్పులో నీడేంటమ్మా!"

"ఏదో ఒక మూల కాస్త చల్లగా ఉండదా అని."

మరో నెల పత్రిక రాగానే, "రాజకుమారుడు సరే, మామూలు మనిషి, యాభై దాటినాయన ఎవరన్నా అక్కడికెళ్తే తట్టుకుంటాడా?" అంది. చిక్కుడుకాయ అమ్మ చేతిలో అలాగే ఉండిపోయింది. అప్పటికిగానీ నా బుర్రకెక్కలేదు. ఇన్నాళ్ళుగా అమ్మ నాన్నని ఆ మంటల్లో చూసుకుంటూ వంట చేస్తోంది, ఆదివారం పాటలు పాడుతోంది. నాకు ఏడుపు ముంచుకొచ్చింది. పాస్టరు గారిని అడగమన్నాను.

"ఆయనకేం తెలుసే? ఆయన పైకి పోయే మనిషి," అంది.

ఇంతలో ఎడిటరు గారు సీరియల్ ముగించమన్నారు. రాజకుమారుడు నదికి కాలవ తవ్వించి, అగ్నిపర్వతాలన్నీ ఆర్పేయాలి. తొండలు చావాలి. పెళ్ళి, శుభం. డెల్టాలో పుట్టిన మనిషికి ఏ కష్టానికైనా కాలవ తవ్వడమే మందు. నాకూ బాగానే తోచింది. మంటలు ఆరిపోతాయని తెలిస్తే అమ్మ మనసు కుదుటపడుతుందనుకుని ఇంటికెళ్ళి చెప్పాను.

అమ్మ తల అడ్డంగా ఊపింది. "అది ఆరే నిప్పు కాదే. వాక్యంలో ఉంది. ఉన్నదాంట్లోనే ఏదన్నా చూడు."

కాలవ మానేశాను. రాజకుమారుణ్ణి ఉత్త చేతులతో ఇంటికి పంపి, పెళ్ళి మాత్రం చేసేశాను. మిగిలిన పేజీలోకి దారి తప్పి కొండెక్కిన ఒక యాభై దాటినాయన్ని తెచ్చాను. తొండలు ఆయన చుట్టూ చేరాయి. ఒకటి ఆయన అరికాళ్ళు నాకింది. తొండ నాకిన మనిషిని నిప్పు కాల్చదు. ఆయన ఒక రాతి మీద కూర్చుని, ఎవరినీ ఏమీ అనకుండా, చిరునవ్వుతో కాలం గడిపాడు.

"ఈయనెవరమ్మా?" అన్నారు ఎడిటరు గారు.

"మామూలు మనిషండీ."

"సర్లే, పేజీ నిండింది," అన్నారు.

ప్రూఫు ఇంటికి తెచ్చాను. అమ్మ కళ్ళజోడు తుడుచుకుని, వేలు పెట్టుకుంటూ ఆఖరిదాకా చదివింది.

"చిరునవ్వుతో కూర్చున్నాడా?"

"కూర్చున్నాడమ్మా."

"ఎవర్నీ ఏమీ అనలేదూ?"

"అనలేదు."

ప్రూఫు మడిచి నా చేతిలో పెట్టేసింది. "అయితే ఈయనెవరో వేరే ఆయన," అని లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

మర్నాడు నేను ప్రెస్సుకి పరుగెత్తేసరికి ఆ పేజీ మిషనెక్కబోతోంది. కంపోజిటరు నా వంశాన్నంతా తలుచుకుంటూ టైపు విప్పాడు. చిరునవ్వు తీయించేశాను. ఆ చోట్లో, ఒక తొండ ఆయనకి గ్లాసుతో కాఫీ తెచ్చిచ్చింది. ఆయన ఒక గుక్క తాగి, "ఇదేం కాఫీ? చల్లారిపోయింది!" అని విసుక్కున్నాడు. తొండలన్నీ తలలూపాయి.

సాయంత్రం అమ్మ అది చదివి నవ్వింది. నాన్న పోయాక అమ్మ నవ్వగా నేను చూడలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వీ నవ్వీ, ఆ కొంగుతోనే కళ్ళు ఒత్తుకుంది. నేను పక్కన కూర్చుని చెయ్యి పట్టుకున్నాను.

"ఆయనే," అంది. కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుని, "ఇంకాస్త వేడిగా ఇమ్మను," అంది.