గీతల మాస్టారి బావమరిది

ఆఫీసులో ఆయన్ని అందరూ గీతల మాస్టారు అనేవారు. ఇళ్ల ప్లాన్లు గీయడంలో చేయి తిరిగిన మనిషి. కంప్యూటర్లు వచ్చాక కాగితం వదిలి తెర మీద గీశాడు గానీ, గీసినవి మాత్రం గీతలే. ఉన్నట్టుండి మేనేజరు కొత్త మాట తెచ్చాడు. ఇకమీదట ఉత్త ప్లాన్లు చాలవట, పాతవన్నీ కంప్యూటర్లో త్రీడీ మోడళ్లుగా మార్చాలట. గోడంటే రెండు గీతలు కాదు. దానికి ఎత్తు, మందం ఉండాలి, దేంతో కట్టేదీ చెప్పాలి. మాస్టారికి ఇచ్చిన శిక్షణ బుర్రకెక్కలేదు. మళ్లీ అడగడానికి నామోషీ.

ఇంట్లో బావమరిది ఉన్నాడు. నలభై ఏళ్లవాడు, పనిచేసే కంపెనీ మూతపడి అక్క దగ్గర చేరాడు. "తిని కూర్చోవడం తప్ప వీడికేం వచ్చు?" అని మాస్టారు భార్య ముందే అనేవాడు. ఆ కంపెనీలో అతను చేసింది సరిగ్గా ఈ పనే.

"ఇలా ఇవ్వు బావా, చూద్దాం" అని ఒక సాయంత్రం ఫైలు తీసుకున్నాడు. ప్లాన్‌ను అడుగున పరిచి, దాని మీద గోడలు లేపి, అంతస్తులు ఎక్కించాడు. "మూడో అంతస్తుకి ఎక్కేవాళ్ల తల దూలానికి కొట్టుకుంటుంది బావా, ప్లాన్‌లో తెలియలేదంతే" అన్నాడు.

మర్నాడు ఆ తప్పు తానే పట్టినట్టు మాస్టారు మేనేజరుకు చూపించాడు. "ఈ వయసులో అదరగొట్టారు మాస్టారూ!" అన్నారంతా. ఆ తర్వాత ఫైళ్లన్నీ బావమరిది ముందుకే వెళ్లాయి.

ఇల్లు కట్టించుకునేవాళ్లు వచ్చిన రోజున మాస్టారు పెన్‌డ్రైవు మరిచిపోయాడు. ఫోన్ చేస్తే బావమరిది చెమటలు కక్కుకుంటూ తెచ్చాడు.

"ఎవరండీ ఈయన?" అన్నాడు మేనేజరు.

"కొరియర్ అతను సార్."

ఆ మాట ఎలా వచ్చిందో మాస్టారికే తెలియదు. బావమరిది ఒక్క క్షణం ఆయన మొహంలోకి చూశాడు. జేబులోంచి బస్సు టికెట్టు తీసి, "ఇక్కడ సంతకం పెట్టండి సార్" అన్నాడు. మాస్టారు పెట్టాడు. తర్వాత గదిలో ఎవరెంత పొగిడినా ఆయన చెవికెక్కలేదు.

ఇంటికొచ్చేసరికి బావమరిది అక్కతో నవ్వుతూ మాట్లాడుతున్నాడు. జరిగింది ఆమెకు చెప్పలేదని అర్థమైంది.

"ఒరేయ్, ఇందాక..."

"పోనీలే బావా."

"పోనీలే అనకురా, చచ్చిపోతున్నాను."

మర్నాడు మేనేజరు దగ్గర అంతా చెప్పేశాడు. మేనేజరు తిట్టలేదు, పగలబడి నవ్వాడు. తిడితేనే నయమనిపించింది. బావమరిదికి ఉద్యోగమిచ్చారు, మాస్టారిని పాత ప్లాన్లు సరిచూసే పనిలో వేశారు.

ఎవరైనా మెచ్చుకుంటే బావమరిది అంటాడు: "మా బావ గీతలు అంత శుభ్రంగా ఉంటాయి కాబట్టే నా పని తేలిక."

అప్పుడు మాస్టారు ఏదో కింద పడ్డట్టు బల్ల కిందికి వంగి, కాసేపటిదాకా లేవడు.