రాజేశ్వరి గారు రాయనివ్వని మాట

చెరుకు ఆడే రోజుల్లో ఉయ్యూరు చక్కెర ఫ్యాక్టరీ దాటుతుంటే కారు అద్దాలు ఎంత బిగించినా ఆ వాసన లోపలికి వస్తుంది. తీపి, పులుపు కలిసిన పచ్చి వాసన. మొన్న కోర్టు పని మీద బందరు వెళుతూ అద్దం దించేశాను. వెంటనే మా సీనియర్ రాజేశ్వరి గారు గుర్తొచ్చారు. పటమటలో ఆమె ఇంటి ముందుగదే మా ఆఫీసు. లాయరుగా నేను నేర్చుకున్నదంతా ఆ గదిలోనే.

నేను ఆమె దగ్గర జూనియర్‌గా ఉన్నప్పుడు, ఉయ్యూరు పక్క ఊరి నుంచి నాగమణి అనే ఆమె తన అన్నయ్యను వెంటబెట్టుకుని వచ్చింది. గట్టు తగాదాలో దాయాదులు ఆమె భర్తను చెరుకు తోటలోనే నరికి చంపారు. బెయిలు మీద బయటికొచ్చి అదే ఊళ్ళో తిరుగుతున్నారు. నాగమణి తుపాకీ లైసెన్సుకు దరఖాస్తు పెట్టుకుంటే అవసరం లేదని అధికారులు ఒక్క ముక్కలో తిప్పికొట్టారు. అప్పీలుకు వెళితే అక్కడా అదే మాట.

“తుపాకీ ఏం చేసుకుంటావమ్మా?” అని అడిగారు రాజేశ్వరి గారు.

“ఎవర్నో చంపడానిక్కాదండి. చేలోకి వెళ్ళడానికండి. ఆయన పోయాక తోటలో అడుగుపెట్టలేదండి.”

ఆమె అన్నయ్య ముందుకు జరిగాడు. “కత్తులతో ఇంటిమీదకొచ్చారని రాయండి మేడమ్. కేసు గట్టిగా ఉంటది.”

“వచ్చారా?” మేడమ్ చూపు నాగమణి మీదే ఉంది.

“రాలేదండి. మా గుమ్మం ముందు బండాపి చూస్తారండి. ఏమీ అనరు. చూసి వెళ్ళిపోతారు.”

మేడమ్ నావైపు తిరిగారు. “అదే రాయమ్మాయ్. ఆపి చూస్తారని రాయి. జరగనిది ఒక్క ముక్క కూడా వద్దు.”

వాళ్ళు వెళ్ళాక ఉండబట్టలేక అడిగాను. “మీకు తుపాకులంటే గిట్టదు కదా మేడమ్, ఎందుకు ఒప్పుకున్నారు?”

“గిట్టదు. లైసెన్సు ఇవ్వాలో వద్దో అధికారులు తేల్చుకుంటారు. ఎందుకివ్వమో చెప్పకుండా పంపించేస్తే మాత్రం ఊరుకోకూడదు. ఆ మనిషి భయాన్ని ఎవరూ కూర్చోబెట్టి వినలేదు, చూశావా?”

హైకోర్టులో విచారణ రోజున ప్రకాశం బ్యారేజీ దాటుతున్నంతసేపూ కాగితాలు మళ్ళీ మళ్ళీ తిరగేశాను. ప్రభుత్వ న్యాయవాది లేచి, ఆమె మీద దాడి జరగలేదు, ఫిర్యాదు కూడా లేదు, ముప్పు ఎక్కడుందని అడిగారు. ఆ కత్తుల మాట రాసి ఉంటే బాగుండేదేమోనని నాకు ఆ క్షణంలో అనిపించింది. రాజేశ్వరి గారు తొణకలేదు. “దాడి జరగలేదని మేమే రాశాం. భర్తను చంపారన్న కేసులో నిందితులు ఆమె గుమ్మం ముందు ఆగుతున్నారనీ రాశాం. ఆ మాట ఆమె దరఖాస్తులోనే చెప్పుకుంది. దాన్ని విచారించినట్టు ఆ తిరస్కరణ ఉత్తర్వులో ఒక్క వాక్యం చూపించమనండి” అన్నారు. చూపించడానికి అక్కడేమీ లేదు.

తిరస్కరణను కోర్టు కొట్టేసింది. ఆమె చెప్పేది విని, కారణాలతో మళ్ళీ నిర్ణయించమంది. బయటికొచ్చాక నాగమణి, “గెలిచామాండీ?” అంది.

“ఇంకా లేదమ్మా. ఈసారి నిన్ను కూర్చోబెట్టి వింటారు. ఇక్కడ చెప్పినట్టే అక్కడా చెప్పు” అన్నారు మేడమ్.

లైసెన్సు వచ్చేసరికి రాజేశ్వరి గారు ఆసుపత్రిలో ఉన్నారు. మంచం పక్కన కూర్చుని చెప్పాను. “చేలోకి వెళుతోందా?” అని మాత్రం అడిగారు. వెళుతోందన్నాను. నా చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు. ఆ ఆసుపత్రి నుంచి మేడమ్ ఇంటికి తిరిగి రాలేదు.

ఇప్పుడు నాకూ జూనియర్లున్నారు. గెలిచిన రోజున అభినందించేవాళ్ళకు కొదవ లేదు, నా రాతలో తప్పు చూపించేవాళ్ళే లేరు. ఏ పిటిషన్ అయినా పూర్తయ్యాక గది తలుపు మూసుకుని పైకి చదువుతాను, ఎదురుగా ఆమె కూర్చుని వింటున్నట్టు. ఎక్కడో ఒకచోట, ఉన్నదానికి కాస్త కలిపిన దగ్గర, మాట తడబడుతుంది. ఆ వాక్యం కొట్టేస్తాను. ఆమె ఉంటే ఇంకెన్ని కొట్టేయించేవారో.