దర్జీ అక్క చెప్పిన హిందీ

మొన్న మధ్యాహ్నం మనవరాలు టీవీలో పాత హిందీ సినిమా పెట్టింది. హీరో గ్లాసు పట్టుకుని, ఎటో చూస్తూ ఏదో అన్నాడు. కింద తెలుగు అక్షరాలు పడ్డాయి: ‘ఇంకొంచెం పోయ్.’ కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాను. అంతేనట. ఇదే సినిమా నెల్లూరులో ఆడినప్పుడు సరిగ్గా ఇదే చోట మా దర్జీ అక్క, ‘తల్లికి మందు కొనలేకపోయినాడంట, ఆ దిగులుతో తాగతా ఉండాడు పాపం’ అని చెప్పింది. మా పిన్నీ నేనూ కొంగులు తడిసేలా ఏడ్చాం.

అరవైల మొదట్లో మాట. ఆదివారం ఉదయం ఆటకు హిందీ సినిమాలు వేసేవారు. ఇందుకూరుపేట నుంచి బస్సులో వెళ్ళేవాళ్ళం. మా వీధిలో బట్టలు కుట్టే సాయిబు గారి భార్యే దర్జీ అక్క. ముస్లింల ఇల్లు కదా, హిందీ రాకుండా ఎలా ఉంటుందని ఊరంతటి నమ్మకం. అందుకని టికెట్టు మేం కొంటే అర్థం ఆమె చెప్పేది. నాకు మొదటినుంచీ అనుమానం జాస్తి. తెరమీద వాడు పెదవులు ఒక్కసారి కదిపితే అక్క అంతసేపు చెబుతుందేమిటి? అడిగితే, ‘అది అట్లాంటి భాషమ్మా, చిన్న మాటలో పెద్ద అర్థం ఉంటాది’ అనేది. ఆ హీరోలమీదా నాకు అనుమానమే. ఉద్యోగం ఉండదు, గడ్డం గీసుకోడు, ప్రేమించిన పిల్లను ఏడిపిస్తాడు, అయినా హాల్లో ఆడవాళ్ళందరూ వాడివైపే. బుద్ధిగా కోటేసుకుని వచ్చే రెండోవాణ్ణి పట్టించుకునే దిక్కుండదు. నిజం చెప్పాలంటే నేనూ వాడివైపే. ఏ లోటూ లేనివాడికి మనతో ఏం పని?

చిక్కంతా పిన్ని పెళ్ళి దగ్గర వచ్చింది. పొలమున్న మంచి సంబంధాన్ని, ‘ఆయనకి ఏ కష్టమూ లేదు’ అని కాదంది. అమ్మమ్మ తల పట్టుకుంది. తర్వాత ఇంకొకాయన చూడ్డానికి వచ్చాడు. పెట్టిన ప్రతి వ్యాపారమూ మునిగిందనీ, తాగుడు కూడా కాస్త ఉందనీ తనే ఒప్పుకుని నేలచూపులు చూశాడు. పిన్ని ముఖం వెలిగిపోయింది. ఒప్పేసుకుంటుందేమోనని నాకు భయం పట్టుకుంది. ఆయన వెళ్ళాక పిన్ని, తలుపు చాటునుంచి అంతా విన్న దర్జీ అక్కను పట్టుకుని, ‘ఆయన మనసులో ఏముండాదో నువ్వే చెప్పాలక్కా’ అంది.

 అక్క నెమ్మదిగా, ‘ఏమీ లేదమ్మా. తాగతాడు, అదే చెప్పినాడు’ అంది. ‘నాకు హిందీ రాదు. మా ఇంట్లో మొదట్నుంచీ తెలుగే. సినిమాల్లో నేను చెప్పిందంతా మా ఇంటాయన గురించి. ఎందుకు తాగతాడో ఆయన ఒక్కనాడూ చెప్పలేదు. నేనే కారణాలు కట్టుకుంటా వచ్చినా.’

నా అనుమానం నిజమైంది గానీ సంతోషం కలగలేదు. అక్క ముఖం చూడలేకపోయాను. పిన్ని ఆ సంబంధం వదులుకుంది. మరుసటి ఆదివారం ఎప్పటిలాగే మూడు టికెట్లు కొంది. చీకట్లో అక్క మాట్లాడకుండా కూర్చుంటే మోచేత్తో పొడిచి, ‘చెప్పక్కా, ఏమంటుండాడు?’ అంది.

టీవీలో అక్షరాలు పడుతూనే ఉన్నాయి. కనబడకుండా కళ్ళజోడు తీసి పక్కన పెట్టాను. అసలు అర్థం చెప్పే అక్షరాలు వచ్చేసరికి ఇంత కాలం పట్టింది. కల్పించి చెప్పే మనిషి ఈలోపే వెళ్ళిపోయింది.